బీరువా మీద ఫ్యాక్టరీ: రెండేళ్లు నలుగురం కలిసి ఆడిన ఫ్యాక్టోరియో

మా ఫ్యాక్టరీ విజయవాడ పటమటలో, మా ఇంట్లో బీరువా మీద ఉంది. మూత సరిగా పడని పాత లాప్‌టాప్, 8 జీబీ ర్యామ్, అందులో లినక్స్, దాని మీద ఫ్యాక్టోరియో (ఫ్యాక్టరీలు కట్టే కంప్యూటర్ ఆట) సర్వర్. గుంటూరు బ్రాడీపేట నుంచి మా బావ, సింగ్‌నగర్ నుంచి ఒకడు, ఉద్యోగానికి బెంగళూరు వెళ్లిపోయినవాడు ఇంకొకడు, నేను. రెండేళ్లు దాటింది, నలుగురం అందులోనే గనులు తవ్వుతున్నాం, బెల్టులు వేస్తున్నాం, ఒకడు వేసింది ఇంకొకడు పీకేస్తున్నాం. ఇక్కడిదాకా రావడానికి ముందు మూడు నెలలు మాత్రం ఆడింది తక్కువ, తిట్టుకున్నది ఎక్కువ.

మొదట్లో నా కంప్యూటర్లోనే ఆట తెరిచి, హోస్ట్ చేసి, స్టీమ్‌లో (ఆటలు కొనుక్కుని ఆడే యాప్) వీళ్లని పిలిచేవాణ్ణి. వచ్చేవాళ్లు, ఆడేవాళ్లం, ఏ ఇబ్బందీ లేదు. వారానికి ఒక రాత్రి ఆడేవాళ్లకి ఇది చాలు, ఇంత దూరం రానక్కర్లేదు. మా బాధ వేరు. నేను తెనాలిలో పెళ్లికి వెళ్తే ఫ్యాక్టరీకి తాళం పడేది. "నీ ఒక్కడి కోసం ముగ్గురం కూర్చోవాలా రా?" అని బావ గోల. సరే అని సేవ్ ఫైలు వాట్సాప్ గ్రూపులో పెట్టా. అంతకంటే తెలివితక్కువ పని ఇంకోటి లేదు. బావ దాన్ని తెరిచి పెట్రోలియం దాకా వెళ్లాడు, అదే రాత్రి సింగ్‌నగర్ వాడు అదే ఫైలులో రైలు పట్టాలు పరిచాడు. పొద్దున్నకి ఒక ఫ్యాక్టరీ రెండయింది. ఏది అసలు, ఏది నకలు అని పంచాయితీ. చివరికి రైళ్లున్నదాన్ని ఉంచాం. బావ ఆ ఆయిల్ సంగతి ఇప్పటికీ ఎత్తుతాడు.

అందుకని ఎప్పుడూ నడిచే సర్వర్ ఒకటి పెడదామనుకున్నాం. ఫ్యాక్టోరియో వాళ్లు (వూబె సాఫ్ట్‌వేర్ అని ప్రాగ్ నగరంలో ఉంటారు) తెర అవసరంలేని సర్వర్ ప్రోగ్రామ్‌ని ఉచితంగా ఇస్తారు. దానికి గ్రాఫిక్స్ కార్డు అక్కర్లేదు. పాత లాప్‌టాప్‌లో ఎక్కించడం అరగంట పని. బయటివాళ్లు లోపలికి వచ్చేలా చేయడానికి మాత్రం రెండు వారాలు పట్టింది.

ఆట వాడే పోర్టు, అంటే నెట్‌లో దాని తలుపు నంబరు, 34197, అదీ యూడీపీ పద్ధతిలో. నేను రౌటర్‌లో ఇంకో పద్ధతి, టీసీపీ అని పెట్టి ఒక సాయంత్రం మొత్తం తగలేశా. యూడీపీకి మార్చినా రాలేదు. తర్వాత తెలిసింది, రౌటర్ పేజీలో బయటి అడ్రస్ అని చూపించేది నిజంగా బయటి అడ్రస్ కాదని. 100.64 నుంచి 100.127 మధ్యలో ఏదైనా అంకెతో మొదలైతే, నెట్ ఇచ్చేవాడు బోలెడు ఇళ్లని ఒకే అడ్రస్ వెనక పెట్టాడని లెక్క. పెద్ద అపార్ట్‌మెంటుకి ఒకటే గేటు ఉన్నట్టు: మనం బయటికి వెళ్లొచ్చు, బయటివాడు వస్తే ఏ ఫ్లాటుకి పంపాలో వాచ్‌మన్‌కి తెలియదు. మా లోపల గదికి మనం ఎన్ని తలుపులు తీసి పెట్టుకున్నా ఉపయోగం లేదు. నెట్ కుర్రాడికి ఫోన్ చేసి వివరిస్తే "నెట్ వస్తోంది కదన్నా, మరేంటి?" అన్నాడు. విడిగా సొంత అడ్రస్ కావాలంటే నెలనెలా అదనం.

ఆ డబ్బు కట్టలేదు. సర్వర్ లాప్‌టాప్‌లోనూ, నలుగురి మెషీన్లలోనూ టెయిల్‌స్కేల్ అనే ప్రోగ్రామ్ వేశాం. అది వాటన్నిటినీ ఒకే ఇంట్లో ఉన్నట్టు కలిపేస్తుంది, ఒక్కోదానికీ ఒక అడ్రస్ ఇస్తుంది. ఆ అడ్రస్ కూడా 100తోనే మొదలవుతుంది. "మళ్లీ అదే దరిద్రం కదరా ఇది" అని బావ అనుమానం. అంకెల వరస అదేగానీ పని వేరు. ఆటలో సర్వర్‌కి వచ్చిన ఆ అడ్రస్ కొట్టి చేరడమే, పోర్టుల గొడవే లేదు.

నాకు అన్నిటికంటే ఆలస్యంగా అర్థమైంది ఇంకొకటి. ఆడుతున్నంతసేపూ ఈ ఆట ఫ్యాక్టరీని నెట్‌లో పంపదు. ఎవడు ఎక్కడ ఏం నొక్కాడో అదొక్కటే పంపుతుంది. మొత్తం ఫ్యాక్టరీని, ప్రతి ఇన్సర్టర్‌నీ (సరుకు ఎత్తి పెట్టే మర చెయ్యి), ప్రతి బైటర్‌నీ (ఫ్యాక్టరీ మీద పడే పురుగు), సెకనుకి 60 సార్లు, నాలుగు కంప్యూటర్లూ ఎవరికి వారే, ఒకేలా లెక్క కట్టుకుంటాయి. అందుకే ఫోన్ హాట్‌స్పాట్ మీద కూడా హాయిగా ఆడొచ్చు. కానీ కంప్యూటర్ పాతదైతే ఆడలేం. సింగ్‌నగర్ వాడు చేరడానికి నొక్కితే మ్యాప్ దిగేది, దిగేలోపు మా ఆట ముందుకు పోయేది, వాడి మెషీన్ వెనక పరిగెత్తి అందుకోలేక చతికిలబడేది. వాడు నెట్ అనుకుని ప్లాన్ 100 నుంచి 200 ఎంబీపీఎస్‌కి మార్చాడు. పాపం, తప్పు ప్రాసెసర్‌ది. సెకండ్ హ్యాండ్ డెస్క్‌టాప్ కొన్నాక ఒక్కసారి కూడా ఆగలేదు. నెట్ వేగం పనికొచ్చేది ఒక్క చోటే, మ్యాప్ దిగేటప్పుడు. అక్కడ కూడా చూడాల్సింది సర్వర్ ఉన్న ఇంటి అప్‌లోడ్.

వెర్షన్ అందరిదీ ఒకటే ఉండాలి. స్టీమ్ రాత్రికి రాత్రి అప్‌డేట్ చేసేస్తే, సర్వర్ పాతదే ఉంటే, తెల్లారి నలుగురమూ గేటు బయటే. స్టీమ్‌లో బీటాల దగ్గర కావలసిన వెర్షన్ ఎంచుకుని అక్కడే ఆపేయొచ్చు. మేం అలాగే చేస్తున్నాం. మాడ్‌ల (ఆటకి ఆటగాళ్లు చేసిన చేర్పులు) విషయంలో ఈ బాధ లేదు, చేరేటప్పుడు ఒక బటన్ నొక్కితే సర్వర్‌లో ఉన్నవే తెచ్చుకుంటుంది.

లినక్స్ ఎందుకంటారా? ఆటోసేవ్ కోసం. విండోస్ మీద సర్వర్ సేవ్ చేసినప్పుడల్లా అందరికీ ఆట బిగుసుకుపోతుంది, ఫ్యాక్టరీ పెరిగే కొద్దీ ఆ ఆగడమూ పెరుగుతుంది. లినక్స్‌లో ఆట ఆపకుండా సేవ్ చేసే సెట్టింగ్ ఒకటుంది. ర్యామ్ కాస్త ఎక్కువ తింటుంది, తిననీ.

కరెంటు పోతే లాప్‌టాప్‌కి బ్యాటరీ ఉంది, రౌటర్‌కి చిన్న యూపీఎస్ కొన్నాం. మా ఊరిని బ్లేజ్‌వాడ అని ఊరికే అనలేదు కాబట్టి మేలో లాప్‌టాప్ కింద రెండు ఇడ్లీ ప్లేట్లు బోర్లించి గాలి ఆడేలా పెట్టా. అమ్మ వాటిని వెతుక్కుంటూ వచ్చి ఒకసారి సర్వర్‌నే ఆపేసింది.

ఎవరూ లేకపోతే ఆట దానంతటదే ఆగే సెట్టింగ్ ఉంది, దాన్ని మాత్రం తీసేయకండి. 2024 సెప్టెంబరులో బుడమేరు వచ్చి సింగ్‌నగర్ మునిగినప్పుడు మావాడు సీపీయూ నెత్తిన పెట్టుకుని మేడెక్కాడు. ఆ నెలంతా ఎవరికీ ఆట మీద మనసు లేదు. మళ్లీ వెళ్లి చూస్తే ఫ్యాక్టరీ వదిలిన క్షణంలోనే నిలబడి ఉంది, బైటర్లు గోడ దగ్గరికి కూడా రాలేదు.

ఆ అక్టోబరు 21న ఆట 2.0 వెర్షన్ వచ్చింది, ఆట ఉన్నవాళ్లకి ఉచితం. అదే రోజు వచ్చిన స్పేస్ ఏజ్, వేరే గ్రహాలకి వెళ్లే అదనపు భాగం, మాత్రం విడిగా కొనాలి, సర్వర్‌లో అది పెడితే చేరే ప్రతివాడి దగ్గరా ఉండాలి. ధర 35 డాలర్లు, వీళ్లు సేల్ పెట్టరు, అది వాళ్ల నియమం. ముగ్గురం కొన్నాం. బావ కొనలేదు. "ఇక్కడ రాగే సరిపోవట్లేదు, ఇంకో గ్రహం దేనికిరా" అంటాడు. ఈ మధ్యకాలంలో నేను నడిపిన రైలు కింద వాడు పడ్డది పదకొండు సార్లు. అన్నీ పొరపాట్లే అని నేను అనడం లేదు.