ట్రయల్ బై జ్యూరీ: 1982దా, 2005దా?

గిల్బర్ట్ రాసి, సలివన్ బాణీలు కట్టిన ఈ పొట్టి ఆపెరెట్టా (పాటలతో సాగే హాస్య నాటకం) ఏ రికార్డింగ్‌తో మొదలుపెట్టాలని పదేపదే అడుగుతున్నారు. నలభై నిమిషాల ముచ్చటేగా, రెండూ చూసేయండి అనొచ్చు. కానీ మొదటిది నవ్వించకపోతే రెండోది ఎవరు పెడతారు?

1982 బ్రిటిష్ టీవీ వెర్షన్‌కి లండన్ సింఫనీ ఆర్కెస్ట్రా వాయిద్యం ఉంది, జడ్జిగా కమెడియన్ ఫ్రాంకీ హోవర్డ్. 2005 ఒపేరా ఆస్ట్రేలియా వాళ్ళది స్టేజి ప్రదర్శన, జడ్జి ఆంథనీ వార్లో.

వాద్యాలు, సెట్లు అలా ఉంచండి. నా లెక్కలో అంతా జడ్జి పాట దగ్గరే తేలిపోతుంది. పెళ్ళాడతానని ఎడ్విన్ మాట తప్పాడని ఏంజెలీనా కేసు వేస్తే, విచారించాల్సిన పెద్దమనిషి బెంచీ ఎక్కగానే తన భాగోతం పాడతాడు: కేసుల్లేని రోజుల్లో డబ్బున్న అటార్నీగారి వయసు మళ్ళిన, అందం లేని కూతుర్ని పట్టుకుని, ఆయన ఇప్పించిన కేసులతో పైకొచ్చి, చేతిలో నాలుగు డబ్బులు ఆడగానే ఆవిణ్ణి వదిలేశాడట. ముద్దాయి చేసిందీ అదే కదా! ఈ సంగతి చెవిన పడకపోతే చివర్లో ఈయనే ఏంజెలీనాను పెళ్ళాడటం ఉత్త కోతిచేష్టలా ఉంటుంది. పైగా ఇందులో మాటలే లేవు, అంతా పాటే. మన పద్యనాటకంలో పద్యం అర్థం కాకపోయినా తర్వాతి వచనం ఆదుకుంటుంది, ఇక్కడ ఆ ఆసరా లేదు.

ఇలాంటి కేసులకు ఇంగ్లండులో 1970 చట్టం మంగళం పాడేసింది. రెండు వెర్షన్లూ ఆ తర్వాతివే కాబట్టి ఇప్పుడు నవ్వు పుట్టాల్సింది చట్టంలోంచి కాదు, ఆ మనిషిలోంచి.

హోవర్డ్ ముఖం చూస్తే నవ్వొస్తుంది, నిజమే, కెమెరా కూడా ఆయనకి బాగా కలిసొచ్చింది. కానీ ఆయన రాగానే ఇతనొక తమాషా మనిషని తెలిసిపోతుంది, ఇక ఆ ఒప్పుకోలులో షాక్ ఏముంది? వార్లో అసలైన గాయకుడు, జడ్జి హుందాతనం ఎక్కడా సడలనివ్వకుండా ఆ సిగ్గులేని కథ పాడేస్తాడు, దాంతో గిల్బర్ట్ వెటకారం సూటిగా తగులుతుంది (ఆయనా కొన్నాళ్ళు బారిస్టరే, ఎవర్ని గిల్లుతున్నాడో బాగా తెలుసు).

కాబట్టి ముందు 2005. హోవర్డ్‌ది తర్వాత సరదాగా చూడండి, సబ్‌టైటిల్స్ దొరికితే రెండింటికీ పెట్టుకోండి.

ఈ జంటదే మరో ఆపెరెట్టా అయొలాంతీ గురించి కూడా అడిగారు. తన సంరక్షణలో ఉన్న పిల్లనే పెళ్ళాడాలనుకునే లార్డ్ ఛాన్సలర్ (ఇంగ్లండు న్యాయవ్యవస్థలో పెద్ద పదవిలో ఉన్నాయన) అందులో భలే ఉంటాడు, కానీ రెండు అంకాలు, మధ్యలో దేవకన్యల గొడవ. మొదటిసారికి వద్దు.