కూతురికి టీకా, అమ్మకు టెస్ట్

గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌ను ఆపడానికి రెండు దారులున్నాయి. విశాఖలో చాలా ఇళ్లలో ఈ రెండూ ఒకటేననుకుంటారు.

ఈ క్యాన్సర్‌కు కారణమయ్యే హెచ్‌పీవీ అనే వైరస్‌కు వేసే టీకా ప్రాథమిక నివారణ. వైరస్ ఒంట్లోకి చేరకముందే అడ్డుకుంటుంది కాబట్టి 9–14 ఏళ్ల వయసు సరైనది. అప్పటికే సోకిన వైరస్‌ను మాత్రం పోగొట్టలేదు.

స్క్రీనింగ్, అంటే ఏ లక్షణాలూ లేకపోయినా ముందుగా చేయించుకునే టెస్ట్, ద్వితీయ నివారణ. నా బాధంతా దీని గురించే. వైరస్ సోకాక క్యాన్సర్‌గా మారడానికి సాధారణంగా 15–20 ఏళ్లు పడుతుంది. ఆ మార్పులు మొదలైనా నొప్పి ఉండదు. అందుకే గాజువాకలోనైనా ఎంవీపీ కాలనీలోనైనా, "నాకేం బాగానే ఉన్నాను కదా" అంటూ ఆడవాళ్లు టెస్ట్ వాయిదా వేస్తారు. 30 దాటాక చేయించుకుంటే, చెడు కణాలు క్యాన్సర్ కాకముందే చిన్న చికిత్సతో తీసేయొచ్చు. పరీక్షకు పట్టేది కొద్ది నిమిషాలే. దయచేసి సిగ్గుపడకండి, కేజీహెచ్ ఆసుపత్రిలోనో దగ్గర్లోని ఆరోగ్య కేంద్రంలోనో అడగండి.

ఏది మేలంటే, చిన్నపిల్లలకు నిస్సందేహంగా టీకానే. నలభై ఏళ్ల తల్లికి స్క్రీనింగే ముఖ్యం. ఈ క్యాన్సర్లలో దాదాపు 70 శాతానికి కారణం హెచ్‌పీవీలో 16, 18 అనే నంబర్లున్న రెండు రకాలు. టీకా వీటిని అడ్డుకుంటుంది కానీ అన్ని రకాలనూ కాదు. కాబట్టి టీకా వేయించుకున్న అమ్మాయికి కూడా 30 దాటాక టెస్ట్ తప్పదు.