పర్యాయపదాలతో తిరగరాసే తెలుగు సేవ: నెల రోజులు వాడి చూశాక

నా పర్యవేక్షణలో కాకతీయుల నాటి చెరువులపై పరిశోధన చేస్తున్న ఒక విద్యార్థిని తెచ్చి ఇచ్చిన అధ్యాయంలో, రామప్ప గుడిని 1213లో కట్టించినవాడు "రేచర్ల శివుడు" అనీ, అప్పుడు రాజ్యమేలుతున్నవాడు "వినాయకదేవుడు" అనీ ఉంది. రేచర్ల రుద్రుణ్ణీ గణపతిదేవుణ్ణీ ఎరగని పిల్ల కాదామె. విషయమేమిటని అడిగితే, ఇచ్చిన వచనంలోని మాటలను పర్యాయపదాలతో మార్చి కొత్త వచనంగా ఇచ్చే ఒక వెబ్ సేవలో ఆ పేరాలు పెట్టి తీశాననీ, తిరిగి చదవడానికి వ్యవధి లేకపోయిందనీ చెప్పింది. ఆమె భయం నాకు అర్థమైంది. విశ్వవిద్యాలయాలను పర్యవేక్షించే యూజీసీ 2018లో తెచ్చిన నిబంధనల ప్రకారం సిద్ధాంతవ్యాసంలో (థీసిస్‌లో) ఇతర రచనలతో పోలిక 10 శాతం లోపు ఉంటే చర్య ఉండదు. 10 నుంచి 40 శాతం వరకు ఉంటే ఆరు నెలలు మించని గడువులో సవరించి ఇవ్వాలి. 60 శాతం దాటితే రిజిస్ట్రేషనే రద్దవుతుంది. ఆ అంకెను తగ్గిస్తామన్న హామీతోనే ఇలాంటి సేవలు అమ్ముడుపోతున్నాయి కనుక, నెలకు 499 రూపాయలు కట్టి నేనే వాడి చూశాను.

వాడటం తేలిక. యూనికోడ్‌లో ఉన్న వచనాన్ని పెట్టెలో అతికించి, మార్పు తక్కువా, మధ్యస్థమా, ఎక్కువా అన్నది ఎంచుకుంటే కొద్ది క్షణాల్లో ఫలితం వస్తుంది. ఏదైనా మాట మీద నొక్కితే దానికి నాలుగైదు ప్రత్యామ్నాయాలు కనిపిస్తాయి. యూనికోడ్ కాని "అను" అనే ఫాంట్లలో టైపు చేసిన పాత ఫైళ్ళను మాత్రం ముందు యూనికోడ్‌లోకి మార్చుకోవాలి.

చిక్కంతా ఫలితంలో ఉంది. "చెరువు నిండి అలుగు పారింది" అన్న మాట మా ప్రాంతంలో ఎవరికైనా తెలుస్తుంది. నిండిన చెరువులో మిగులు నీరు కట్ట తెగకుండా బయటికి పోయే దారిని అలుగు అంటాము. ఈ సేవ అలుగును అలకగా తీసుకుని "సరస్సు నిండి కోపం ప్రవహించింది" అని రాసింది. మార్పును "తక్కువ"కు తగ్గించి మళ్ళీ ప్రయత్నిస్తే అలుగు నిలిచింది గాని చెరువు "కొలను" అయింది. నిఘంటువులో చెరువు, కుంట, కొలను, సరస్సు, తటాకం ఒకదాని పక్కన ఒకటి ఉండవచ్చు. కానీ కట్ట, నీరు వదిలే తూము, అలుగు, కింద ఆయకట్టు (ఆ నీటితో సాగయ్యే భూమి) ఉన్నది చెరువు, దానికన్నా చిన్నది కుంట, తామరలు పూసే కొలనుకు ఆయకట్టుతో పని లేదు. సాగునీటి చరిత్ర రాసేవారికి ఈ తేడాలే విషయం. వాటిని చెరిపేస్తే అధ్యాయంలో మిగిలేది ఏమీ ఉండదు.

వ్యాకరణంలోనూ ఇదే తీరు. తెలుగులో నీళ్ళు, పాలు బహువచనాలు. నీరు, క్షీరం ఏకవచనాలు. మాటను మార్చినప్పుడు క్రియ కూడా మారాలన్న స్పృహ లేకపోవడం వల్ల "పొలానికి నీరు వచ్చాయి", "క్షీరం పొంగాయి" అన్న వాక్యాలు పుట్టాయి. ఇల్లు "ఇంటికి" అవుతుంది, గృహం "గృహానికి" అవుతుంది. ఇక్కడ వచ్చింది "గృహంకి". సమాసాలను విడదీసి సగం మాత్రమే మార్చడంతో భూగర్భజలాలు "నేలగర్భజలాలు" అయ్యాయి. అధికారి నీళ్ళు నమిలాడన్న వాక్యంలో అతడు "జలం నమిలాడు". ఆ పలుకుబడిలో నీళ్ళకు బదులు మరే మాటా పనికిరాదు.

ఒకే వాక్యం నుంచి వేల రూపాలు తీయవచ్చని ఈ సేవ తన పరిచయంలో చెప్పుకుంటుంది, లెక్క ప్రకారం అది నిజమే. పది మాటల వాక్యంలో ఒక్కో మాటకు మూడేసి ఎంపికలు ఉంటే 59,049 వాక్యాలు వస్తాయి. వాటిలో తెలుగు మనిషి నోట పలికేవి ఎన్ని అన్నదే నా ప్రశ్న. పూర్వం సంస్కృత పర్యాయపదాల నిఘంటువైన అమరకోశం వల్లె వేయించేవారు. యతి కుదరడానికో, గణం సరిపోవడానికో పద్యం రాసేవాడికి ఒక అర్థానికి పది మాటలు అవసరమయ్యేవి. శాస్త్రవచనానికి కావలసింది అందుకు పూర్తిగా భిన్నం: ఒక పారిభాషిక పదాన్ని మొదటి పుటలో ఏ రూపంలో వాడామో చివరి పుటలోనూ అదే రూపంలో వాడాలి.

పోలిక అంకె తగ్గినంత మాత్రాన ఈ మాటల మార్పిడి బయటపడదనుకోవడం కూడా పొరపాటు. ఫ్రాన్స్‌కు చెందిన గియోమ్ కబనాక్, సిరిల్ లబ్బే, వారితోపాటు అలెగ్జాండర్ మగజినోవ్ 2021లో ఇంగ్లీషు పరిశోధన పత్రాలలో ఇలాంటి మాటలనే వెతికి పట్టుకున్నారు. ఆర్టిఫిషియల్ ఇంటెలిజెన్స్ అని ఉండవలసిన చోట "కౌంటర్‌ఫీట్ కాన్షస్‌నెస్" (నకిలీ చైతన్యం) అని ఉండటం వారు చూపిన ఉదాహరణల్లో ఒకటి. అంటే తప్పించుకోవడానికి మార్చిన మాటే ఆనవాలుగా మిగులుతుంది. ఇక నైతికంగా చూస్తే, ఎవరి ఆలోచననైనా మాటలు మార్చి ఆధారం చెప్పకుండా పెట్టుకుంటే అది చౌర్యమే. "రేచర్ల శివుడు" అని రాసినా ఆ పేరా మొదట రాసినవారిదే.

కనుక సిద్ధాంతవ్యాసాలకు, పాఠ్యాంశాలకు, వార్తలకు దీనిని కొనవద్దని నా సలహా. ఒకే మాట పేరాలో నాలుగుసార్లు వచ్చి, మరో మాట గుర్తుకు రాక ఆగిపోయినవారికి మాత్రం, మాట మీద నొక్కితే వచ్చే జాబితా నిజంగా ఉపయోగపడుతుంది. "కారణం" మీద నొక్కితే హేతువు, నిమిత్తం, మూలం వచ్చాయి. ఏది ఎక్కడ ఒదుగుతుందో ఎంచుకోవలసినది మనమే. ఆ జాబితా ఉచిత ఖాతాలోనూ దొరుకుతుంది, అందుచేత రెండో నెలకు నేను డబ్బు కట్టలేదు. మా విద్యార్థిని ఆ అధ్యాయాన్ని పక్కన పెట్టి, శాసనపాఠాలు ముందు పెట్టుకుని మళ్ళీ రాస్తోంది. మూడు పుటలు వచ్చాయి, చెరువు చెరువుగానే ఉంది.