ఖురానిక్ అరబిక్ కార్పస్: దీర్ఘకాల వాడకం తరువాత ఒక సమీక్ష

ఖుర్‌ఆన్‌ను మూలభాషలోనే పదం పదం విడదీసి చదవాలన్న కోరికతో కొన్నేళ్లుగా నేను వాడుతున్న ఉచిత ఆన్‌లైన్ సాధనం ఖురానిక్ అరబిక్ కార్పస్. బ్రిటన్‌లోని లీడ్స్ విశ్వవిద్యాలయంలో రూపొందిన ఇది ఖుర్‌ఆన్‌లోని 77,430 పదాలలో ప్రతిదాని వ్యాకరణాన్నీ విడమరచి చూపుతుంది. చాలామంది దీన్ని ధాతువుల కోసమే, అంటే పదాల మూలరూపాల కోసమే తెరుస్తారు. నా మటుకు నాకు దీని అసలు విలువ విభక్తుల దగ్గరే కనిపించింది.

ఫాతిర్ సూరా (అధ్యాయం) 28వ ఆయతు (వచనం)లోని 'ఇన్నమా యఖ్‌షల్లాహ మిన్ ఇబాదిహిల్ ఉలమాఉ' అన్న వాక్యాన్నే తీసుకుందాం. క్రియను ఆనుకొని వచ్చిన 'అల్లాహ' అకారంతో ముగుస్తుంది కనుక అది కర్మ. చివరనున్న 'ఉలమాఉ' ఉకారంతో ముగుస్తుంది కనుక భయభక్తులు కలిగినవారు, అంటే కర్త, జ్ఞానులు. ఆ రెండు అచ్చులు తారుమారైతే అర్థం పూర్తిగా తలకిందులవుతుంది. పదాలు ఎటు జరిగినా విభక్తిని బట్టి అర్థం పోల్చుకోవడం తెలుగువారికి కొత్తేమీ కాదు. అయితే ఇక్కడి పదక్రమం ఊరికే మారలేదు. 'ఇన్నమా'తో మొదలైన వాక్యంలో 'మాత్రమే' అన్న పరిమితి చివరి పదం మీద పడుతుంది కాబట్టి, ఆయన దాసులలో జ్ఞానం కలవారే ఆయనకు నిజంగా భయపడతారన్న భావం కర్తను వెనక్కి జరపడం వల్లే సిద్ధిస్తోంది. కార్పస్ విభక్తిని చూపుతుంది గాని ఈ రెండో సంగతి చెప్పదు. దానికి నహ్వ్, అంటే వాక్య వ్యాకరణం, విడిగా నేర్చుకోవలసిందే.

రహ్మాన్ సూరాలో 31 సార్లు వచ్చే 'మీ ప్రభువు వరాలలో దేన్ని కాదంటారు?' అన్న ప్రశ్న ద్వివచనంలో, అంటే ఇద్దరిని ఉద్దేశించే రూపంలో ఉందన్న విషయం కూడా ఇందులో వెంటనే తెలుస్తుంది. ద్వివచనం లేని తెలుగులో అది 'మీరు'లో కలిసిపోతుంది.

లోపాల్లో ముఖ్యమైనది, ఖుర్‌ఆన్‌ను చదివే పలు సంప్రదాయ పద్ధతుల్లో ఒకటైన హఫ్స్ పఠనాన్ని మాత్రమే ఇది అనుసరించడం. మాయిదా సూరా 6వ ఆయతులో వుజూ (నమాజుకు ముందు చేసే శుద్ధి) విధానం చెప్పేటప్పుడు పాదాలను సూచించే పదం ఈ పఠనంలో 'అర్జులకుమ్' అని ఉంది. ప్రామాణికమైన మరికొన్ని పఠనాల్లో అదే 'అర్జులికుమ్'. మొదటి రూపాన్ని కడగవలసిన ముఖం, చేతులతోనూ, రెండో రూపాన్ని తడిచేత్తో తుడవవలసిన తలతోనూ అన్వయించడం సులువు. సున్నీలు పాదాలు కడగాలంటారు, షియాలు తుడవాలంటారు. మొదటి రూపాన్ని కూడా తలతోనే అన్వయించవచ్చని షియా పండితులు వ్యాకరణ యుక్తి చూపుతారు కనుక, ఒక్క అచ్చుతో ఈ చర్చ తెగదు. తెర మీద ఒకే రూపం చూసిన పాఠకుడికి అసలు చర్చ ఉందనే తెలియదు.

కార్పస్‌లోని వాక్య నిర్మాణ పటాలు ఎంతో ఉపయోగకరమైనవే గాని, గ్రంథమంతటికీ లేవు. అర్థచ్ఛాయల కోసం నేను ఆంగ్ల పండితుడు ఎడ్వర్డ్ లేన్ కూర్చిన అరబ్బీ-ఇంగ్లిష్ నిఘంటువును పక్కన పెట్టుకుంటాను. ఆయన 1876లో మరణించేనాటికి పని ఖాఫ్ అక్షరం దగ్గర ఆగిపోవడంతో, మిగతాది ఆయన వదిలిన రాతల నుంచి కూర్చారు. అందువల్ల తరువాతి అక్షరాల్లో వివరణ ఒక్కోచోట ఒక్కోలా ఉంటుంది. 'హిదాయత్' (మార్గదర్శనం), 'తఖ్వా' (దైవభీతి) పదాల ధాతువులు రెండూ ఆ భాగంలోనే వస్తాయి కనుక, వాటికి 'లిసానుల్ అరబ్' వంటి అరబ్బీ నిఘంటువును చూడక తప్పడం లేదు.