కంటితో ప్యాటర్నా, కలరీమీటరా? మానిటర్ రంగులకు ఏది మేలు

మానిటర్ రంగులు సరిచేసుకోవడానికి రెండు దారులున్నాయి. టెస్ట్ ప్యాటర్న్ (పరీక్ష కోసం చేసిన పట్టీల బొమ్మ) తెరిచి కంటితో చూస్తూ బ్రైట్‌నెస్, కాంట్రాస్ట్ మార్చుకోవడం ఒకటి. కలరీమీటర్ అనే చిన్న పరికరాన్ని తెరకు ఆనించి కొలవడం ఇంకొకటి.

ప్యాటర్న్‌కు పైసా ఖర్చు లేదు. నలుపు ప్యాటర్న్‌లో పూర్తి నలుపు పక్కనే కొంచెం కొంచెం లేతబడే పట్టీలు ఉంటాయి. అవి నలుపులో కలిసిపోతే చీకటి సీన్లలో వివరాలు పోతున్నట్టే. కంప్యూటర్‌ను హెచ్‌డీఎంఐతో టీవీకి కలిపినప్పుడు ఇది తప్పకుండా చూడాలి. వెలుగును అంకెల్లో పంపుతారు; మామూలు వీడియోలో నలుపు 16, తెలుపు 235. కంప్యూటర్ నలుపును 0గా, తెలుపును 255గా పంపుతుంటే, టీవీ మాత్రం 16–235 అనుకుంటే, నల్లటి జుట్టంతా ఒకే ముద్దలా కనిపిస్తుంది. ఈ తప్పును ప్యాటర్న్ నిమిషంలో పట్టేస్తుంది. ఇందులో దానికి సాటి లేదని నా నమ్మకం.

తెలుపు దగ్గరే కన్ను మోసపోతుంది. నీలి ఛాయ ఉన్న తెరను కాసేపు చూస్తే అదే అసలు తెలుపు అనిపిస్తుంది. అలాంటి మానిటర్ మీద మా చెల్లి పెళ్లి ఫొటోలు దిద్దాను. ప్రింట్‌లో ముఖాలన్నీ పసుపు పూసినట్టు వచ్చాయి. ఎంత బాధేసిందో!

కలరీమీటర్ అలా అలవాటు పడదు. 6500 కెల్విన్ తెలుపు (పగటి వెలుగు లాంటి తెలుపు), 2.2 గామా (నలుపు నుంచి తెలుపు దాకా వెలుగు ఎలా పెరగాలో చెప్పే అంకె)కు ఎంత తేడా ఉందో కొలిచి ప్రొఫైల్, అంటే రంగులు సరిచేసేందుకు కంప్యూటర్ వాడే ఫైల్, తయారుచేస్తుంది. ధర మాత్రం వేలల్లో.

సినిమాలు, ఆఫీసు పనికి ప్యాటర్న్ చాలు. ప్రింట్‌కు పంపేవాళ్లు మాత్రం కలరీమీటర్‌ను ఎవరి దగ్గరైనా అడిగి తెచ్చుకోండి. ఏ పద్ధతైనా మానిటర్ ఆన్ చేసి అరగంట ఆగి, నైట్ లైట్ (రాత్రిపూట తెరను పసుపుగా మార్చే సెట్టింగ్) ఆపేసి మొదలుపెట్టండి.