వరంగల్ హంటర్ రోడ్డు వైపు వెల్డింగ్ షాపులో చేయించిన ఫ్రిజ్ స్టాండ్: పని బాగుంది, ఎత్తుతోనే తంటా

దుకాణాల్లో దొరికే ప్లాస్టిక్ ఫ్రిజ్ స్టాండ్ జానెడు ఎత్తు కూడా ఉండదు, వరద నీళ్లు ఇళ్లలోకొచ్చే మా కాలనీలో అది ఎందుకూ పనికిరాదు. అందుకే ఇనుపది చేయించాం. షాపాయన ఫ్రిజ్ కొలతలు తర్వాత అడుగుతాడు, ముందు మాత్రం "నీళ్లు ఎంతదాక వచ్చినయన్నా?" అంటాడు. 2020 ఆగస్టులో మాకు మోకాళ్లు, 2023 జూలైలో నడుము. రెండో లెక్కే రాసుకున్నాడు.

పనికి వంక పెట్టలేం. మందం పైపు, కాళ్ల మధ్య అడ్డపట్టీలు, తుప్పు పట్టకుండా రెడాక్సైడ్, దాని మీద పెయింట్, కింద రబ్బరు బుష్‌లు. మన ముందే తూకం వేసి కిలో లెక్కన తీసుకుంటాడు. వాషింగ్ మెషిన్‌కి మాత్రం ఇంత ఎత్తు వద్దు, స్పిన్ తిరిగితే ఇల్లంతా ఊగుతది.

ఇబ్బందల్లా మా అమ్మకు ఫ్రీజర్ అందకపోవడం. రెండడుగులు చాలు, నీళ్లొస్తే ఎలాగూ పైకి పోతాం కదా అంటే మా ఆవిడ "ఎవరింటికి?" అంది. 2023 వరదప్పుడు, జూలై 27న, బాలసముద్రంలో మూడో అంతస్తులో ఉండే మా పెద్దనాన్న కొడుకు ఫోన్ ఎత్తలేదు, సిగ్నల్ లేదంటాడు, నిజమే కావచ్చు, కానీ అప్పటి నుంచి పండగకు వచ్చినా చాయ్ తాగి లేస్తున్నాడు, మేమూ ఉండమనట్లేదు. పైకి రమ్మని పిలిచింది ప్రహరీ గోడ జాగా మీద ఏళ్లుగా మాతో మాటల్లేని పక్కింటివాళ్లు. ఇప్పుడు మా తాళంచెవి ఒకటి వాళ్ల దగ్గరే ఉంటుంది. గోడ పంచాయితీ తేలలేదు, ఎండాకాలం రాగానే మళ్లీ మొదలవుతది, మబ్బు పడితే ఆగుతది.

షాపులో బెంచీ మీద కూర్చుంటే అన్నీ ఇవే ముచ్చట్లు. ములుగు జిల్లా లక్ష్మీదేవిపేటలో ఒక్కరోజే 64.98 సెంటీమీటర్లు పడ్డ వాన అది, అయినా వానను ఎవరూ తిట్టరు. రెండు రోజులకు భద్రకాళి చెరువు కట్టకు గండి పడ్డప్పుడు ఎవరు వచ్చి తలుపు కొట్టారు, ఎవరు చెప్పకుండా కారు తీసుకుని పోయారు, సాయం లిస్టులో ఎవరి పేరు ఎవరు రాయించారు, ఇంటి నంబర్లతో సహా గుర్తుంది.

నయీంనగర్ దగ్గర నాలా మీద కొత్త బ్రిడ్జి కట్టారు కదా, ఇక నీళ్లు రావు, ఇంకా స్టాండ్లెందుకు అనేవాళ్లున్నారు. జూన్ వస్తే షాపాయనకు మాత్రం ఊపిరాడదు, చేయించుకునేవాళ్లు ఏప్రిల్‌లోనే అడ్వాన్సు ఇవ్వండి, ఎత్తు చెప్పేముందు ఇంట్లో పెద్దవాళ్ల చెయ్యి ఎంతదాక అందుతుందో చూసుకోండి.