కొన్నేళ్ల వాడకం తర్వాత మా ఆర్వో యంత్రం: పనితీరు సరే, ప్రచారమే సరికాదు

విశాఖపట్నం ఎంవీపీ కాలనీలోని మా అపార్ట్‌మెంట్‌లో బోరు నీరు ఉప్పగా ఉండడం వల్ల, వేసవిలో దాని మీదే ఆధారపడవలసి వచ్చినప్పుడు పనికొస్తుందని, నీటిలోని లవణాలను తీసేసే ఆర్వో యంత్రాన్ని కొని కొన్నేళ్లుగా వాడుతున్నాము. నీటి రుచి బాగుంది, మరమ్మతులు తక్కువ. శుద్ధి చేసే నీటికంటే వదిలేసే నీరే ఎక్కువ కనుక, దాన్ని పట్టి ఇల్లు తుడవడానికి వాడుతున్నాము. నా అభ్యంతరమంతా దాన్ని అమ్మే తీరు మీదనే.

అమ్మకానికి వచ్చిన ప్రతినిధి ఒక గ్లాసులో మా జీవీఎంసీ (నగరపాలక సంస్థ) కుళాయి నీరు, మరొక గ్లాసులో ఆర్వో నీరు పోసి, కరెంటుకు కలిపిన కడ్డీలను రెండింటిలోనూ ముంచారు. కాసేపటికి కుళాయి నీరు తుప్పు రంగుకు తిరిగి మడ్డి కట్టింది. ఆర్వో నీరు తేటగానే ఉంది. నిజానికి ఆ మడ్డి నీటిలోని మురికి కాదు, ఇనుప కడ్డీ నుంచి వచ్చినదే. లవణాలున్న నీటిలో విద్యుత్తు బాగా ప్రవహించి కడ్డీని కరిగిస్తుంది, లవణాలు తీసేసిన నీటిలో ఆ చర్య దాదాపు జరగదు. ఆ తేట నీటిలో కాస్త ఉప్పు వేస్తే అదీ రంగు మారుతుంది. పసిపిల్లలున్న ఇళ్లను భయపెట్టి అమ్మే ఈ ప్రదర్శనను నేను ఏమాత్రం సమర్థించలేను.

టీడీఎస్ (నీటిలో కరిగిన లవణాల మొత్తం) కొలిచే మీటరు చూపి బెదిరించడమూ ఇలాంటిదే. తాగునీటికి భారతీయ ప్రమాణమైన ఐఎస్ 10500 ప్రకారం టీడీఎస్ లీటరుకు 500 మిల్లీగ్రాముల వరకు ఆమోదయోగ్యం కాగా, మా కుళాయి నీరు దానికి చాలా దిగువనే ఉంటోంది. పైగా ఆ మీటరు సూక్ష్మజీవులను గుర్తించదు, కాబట్టి అంకె తగ్గినంత మాత్రాన నీరు సురక్షితమని చెప్పడానికి వీల్లేదు.

యంత్రం ప్రకటనలో, ఫిల్టరు ఇన్ని వేల లీటర్లకు వస్తుందని తెలుగులో పెద్దగా అచ్చువేసి, అది నీటి నాణ్యతను బట్టి మారుతుందన్న షరతును అడుగున సన్నని ఇంగ్లీషు అక్షరాల్లో పెట్టారు. ప్రకటన ఏ భాషలో ఉంటే షరతు కూడా ఆ భాషలోనే, అదే తరహా అక్షరాల్లో ఉండాలని కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 2022 జూన్‌లో మార్గదర్శకాలు ఇచ్చింది. తప్పుదోవ పట్టించే ప్రకటనలకు 2019 వినియోగదారుల రక్షణ చట్టం కింద 10 లక్షల రూపాయల వరకు, మళ్లీ చేస్తే 50 లక్షల వరకు జరిమానా విధించవచ్చు. ఫిర్యాదుకు జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915 నంబరు ఉంది.

బోరు నీరే దిక్కయిన ఇళ్లకు ఈ యంత్రాన్ని సిఫారసు చేస్తాను. కుళాయి నీరు ఏడాది పొడవునా అందే ఇళ్లలో, పరీక్షలో టీడీఎస్ తక్కువని తేలితే, వడపోతతో కూడిన యూవీ యంత్రం (అతినీలలోహిత కిరణాలతో సూక్ష్మజీవులను చంపేది) గాని, కాచి చల్లార్చిన నీరు గాని సరిపోతుంది.